ఎడమచేతికి పన్నెండు గాజులు

6 జనవరి 1970, మంగళవారం

నోటీసు వచ్చింది. రిజిస్టరు పోస్టు. రసీదు మీద సంతకం నేనే పెట్టాను, కుడిచేత్తో.

పి.యు.సి. చరిత్ర పేపరు. నా జవాబు పత్రంలో ఎనిమిదో పేజీ దాకా ఒకరి రాత, తొమ్మిది నుంచి చివరి దాకా ఇంకొకరి రాత ఉందట. మొదటిది కుడికి వాలి ఉందట, రెండోది ఎడమకు. రెండోది నా వెనక బెంచీలో కూర్చున్న రషీదా బేగం రాతలా ఉందట. ఆమెది ఎడమచేతి వాటమని హాల్లో చూసినాయన రాసిచ్చాడు. తొమ్మిదో పేజీ నుంచి జవాబులు మెరుగ్గా కూడా ఉన్నాయని ఒక వాక్యం. ఇద్దరి ఫలితాలూ ఆపేశారు. పదిహేను రోజుల్లో సంజాయిషీ ఇవ్వాలి.

"మెరుగ్గా" అన్న మాట నాలుగుసార్లు చదివాను.

రెండు రాతలూ నావే. ఈ పుస్తకంలోనైనా ఆ మాట ఉండాలి.

7 జనవరి

చెయ్యి తిమ్మిరెక్కింది, అంతే. తెలంగాణ ఉద్యమమని తొమ్మిది నెలలు కాలేజీ మూసి ఉంది. బందులు, ఊరేగింపులు, మళ్ళీ బందులు. ఏ చేతికైనా రాసే అలవాటు తప్పుతుంది. జనగామ సెంటరు ఎత్తేసి మమ్మల్ని మానుకోటకు పంపారు. పొద్దున్నే రైలు, తిండి లేదు. ఎనిమిదో పేజీ చివర వేళ్ళు కొంకర్లు పోయాయి. పెన్ను ఎడమచేతిలోకి మారింది. నేను మార్చలేదు. మారింది.

8 జనవరి

బాపు నోటీసును వెలుతురులో పెట్టి చదివాడు, నీటిముద్ర ఉందేమో చూస్తున్నట్టు. ఇరవై రెండేళ్ళుగా వకీలు దగ్గర గుమాస్తా. దావాలకు జవాబులు రాయడం ఆయన పని. ఎవరి దావా అయినా ఆయన జవాబు ఒకేలా మొదలవుతుంది: మేము ఒప్పుకున్నవి తప్ప తక్కినవన్నీ అబద్ధం. ముందు అన్నీ కాదనాలి, నిరూపించుకునే బరువు అవతలివాళ్ళది.

నేను చెప్పబోయాను. "బాపూ, ఆ రాత..."

"నువ్వు ఊకో. ఆఫీసరు అటువైపాయన, ఆంధ్రాయన అంటున్నరు. ఏడాదంత మన పిల్లలు రోడ్ల మీదున్నరని కచ్చ ఉంటది వాళ్లకు. ఒక్కటి ఒప్పుకున్నమా, అన్ని మన మీదనే ఏస్తరు."

"ఎడమచెయ్యి..."

"గది చిన్నప్పుడే పోయింది." ఆ మాట నాతో కాదు, అమ్మతో అన్నాడు. అమ్మ నా గాజులవైపు చూసింది.

నా కుడిచేతికి రెండు మట్టిగాజులు. ఎడమచేతికి పన్నెండు. ఏడేళ్ళప్పటి నుంచీ అంతే. కాన్వెంటులో సిస్టరు నా ఎడమ మణికట్టును రిబ్బనుతో బెంచీకి కట్టేది. అమ్మకు కట్టడానికి మనసొప్పలేదు. గాజులు వేసింది. వంటింట్లో పొయ్యి ముందు కూర్చునే వినేది. ఎడమచెయ్యి ఆడితే గలగలలు. "ఏ చెయ్యే అది?" అని లోపలి నుంచే. ఆరు నెలల్లో ఎడమచెయ్యి ఒళ్ళో పడుకోవడం నేర్చుకుంది. ఏటేటా పాతవి తీసి పెద్దవి వేస్తుంది. లెక్క మాత్రం తప్పదు.

11 జనవరి, ఆదివారం

బాపు చిత్తు రాశాడు. స్టాంపు కాగితం మీద సాపు నేను రాశాను. నా రాత బాగుంటుందని ఎప్పుడూ నాతోనే రాయిస్తాడు.

"నా కుమార్తె రాజమణి పుట్టుక నుంచి కుడిచేతి వాటం గలది. ఎడమచేతితో రాయుట ఎరుగదు. తొమ్మిదవ పేజీ మొదలు గల రాత ఎవరిదో మాకు తెలియదు. ఇది ప్రమాణపూర్వకముగా చెప్పుచున్నాము."

ఒక్క కొట్టివేత లేకుండా రాశాను. కింద బాపు జగపతి అని పెట్టాడు, పక్కన నేను. సిరా ఆరేదాకా ఊదాను.

12 జనవరి

పోస్టు చేసి వచ్చాడు.

13 జనవరి

నాది కాకపోతే ఆ రాత ఎవరిది? సాపు రాసేటప్పుడు నాకు ఆ ఆలోచన రాలేదు.

కాదు, వచ్చింది. "ఎవరిదో" అన్న మాట దగ్గర పాళీ ఆగింది. సిరా అద్దుకుని మళ్ళీ రాశాను.

17 జనవరి

రోజంతా నన్ను నేనే కనిపెడుతున్నాను. అన్నం కుడి. దువ్వెన కుడి. సూదిలో దారం ఎడమ, చీపురు ఎడమ. అగ్గిపెట్టె ఎడమతో పట్టి కుడితో గీస్తాను, అయితే బియ్యం చాటను ఏ చెయ్యి నడిపిస్తుందో చెప్పలేను. తలుపు సందులోంచి చూస్తే ఎడమ కన్ను. పెరట్లో రాయిని తన్నాను, కుడికాలు. చూసుకుని తన్నానేమోనని మళ్ళీ తన్నాను, కుడికాలే. మెట్లు నాలుగుసార్లు ఎక్కి దిగాను. అమ్మ ఏమైందే అంది. ఏదో పోయింది వెతుకుతున్నా అన్నాను.

లైబ్రరీ పుస్తకంలో ఉంది: కొందరికి చెయ్యి ఒకవైపు, కాలు ఒకవైపు, కన్ను ఇంకోవైపు. జబ్బు కాదట. పేజీ అంచు మడిచాను. తర్వాత మడత సాపు చేశాను, ఎవరైనా చూస్తారని.

20 జనవరి

నబీసాబ్ దుకాణానికి వెళ్ళాను. స్టేషను వెనక దర్జీ దుకాణం. రషీదా తండ్రి. ఆయనదీ ఎడమచెయ్యే. మామూలు కత్తెర తిరగేసి పట్టుకోడు, కమ్మరితో చెప్పి ఎడమవాటానికి ఒకటి చేయించుకున్నాడు. వేరేవాళ్ళు పట్టుకుంటే ఆ కత్తెర తెగదు, బట్టను నములుతుంది.

ఆ తొమ్మిది నెలలూ మధ్యాహ్నాలు నేను ఇక్కడే ఉన్నాను. ఎంబ్రాయిడరీ అని ఇంట్లో చెప్పాను. మేడమీది గదిలో రషీదా నాకు ఎడమచేత్తో రాయడం నేర్పింది. గాజులు మోగకుండా చేతిరుమాలు చుట్టుకునేదాన్ని. ఆమె గీతల మీద నేను దిద్దాను. అందుకే రెండు రాతలకూ పోలిక. ఒక్కటి మాత్రం నాకు రాలేదు. రషీదా మణికట్టును పైకి వంచి, గీతకు పైనుంచి రాస్తుంది. నా చెయ్యి రాసిన దాని మీదనే పాకుతుంది. పేజీ నిండా సిరా పూసుకుంటుంది.

రషీదాకూ నోటీసు వచ్చింది. జవాబు తనే రాసుకుంది. "నా రాత నా జవాబుల్లోనే ఉంది అని రాసిన. రాజమణి పేపరు గురించి రాజమణినే అడుగుండ్రి అని రాసిన. నీది నేను చెప్తే మంచిగుండదు గద రాజీ." తర్వాత అడిగింది, "మీ బాపు ఏం రాసిండు?"

తెలువదు అన్నాను.

కేసముద్రంలో ఉర్దూ బడిలో పంతులమ్మ కొలువు ఉంది ఆమెకు. మార్చి మొదటి తారీకుకు పి.యు.సి. కాగితం చూపాలి. చూపకపోతే మేనత్త ఇంటికి పెళ్ళిమాట ఇచ్చేస్తారు. మేనత్త కొడుకు పిల్లికి కూడా భయపడతాడని చెప్పి నవ్వింది. నేనూ నవ్వాను.

దిగి వస్తుంటే నబీసాబ్ కుట్టుమిషను ఆపాడు. "వకీల్ సాబ్ మంచిగ రాసి ఉంటడు బేటీ. మీ జవాబు మా పిల్లకు గూడ పనికొస్తది." బాపు వకీలు కాదని ఆయనకు తెలుసు. మర్యాదకు అంటాడు. బాపు ఎప్పుడూ సరిదిద్దలేదు.

21 జనవరి

ఏమీ లేదు.

22 జనవరి

ఏమీ లేదు. చాటలో బియ్యం ఎడమచేత్తో ఏరాను. గాజులు మోగాయి. అమ్మ పిలవలేదు.

27 జనవరి

విచారణ ఫిబ్రవరి తొమ్మిదిన. మానుకోటలో, పరీక్ష రాసిన బడిలోనే. ఇద్దరూ తండ్రులతో రావాలి. "రషీదా బేగం విషయం ఆ రోజే తేల్చబడును" అని ఉంది. నా పేరు దగ్గర అలా లేదు. బాపు ఆ తేడా చూసి, వేలితో రెండుసార్లు కొట్టి, "చూసినవా? మన జవాబు పనిచేసింది" అన్నాడు.

30 జనవరి

అమ్మకు చెప్పాను. అమ్మ పప్పు కడుగుతోంది. ఆపలేదు.

"నాకెర్కనే."

ఎలా అన్నాను.

"నీ చెయ్యి ఊకున్న నాడు గూడ గాజులు జరంత మోగుతయి. బిందె ఎత్తినా, తిరిగి కూసున్నా. పోయినేడు నబీసాబ్ ఇంట్లకెళ్ళి వచ్చినంక నీ చెయ్యి అసలే మోగలే. రుమాలు విప్పుడు మర్చిపోయినవు, అన్నం తినేదాంక. చప్పుడు లేకుంటే నేను వినలేదనుకున్నవా?"

మరి ఎందుకు అడగలేదు అన్నాను. నీళ్ళు పారబోసింది.

"మంచిగ నవ్వుకుంట వస్తుంటివి."

కాసేపటికి, బాపుకు చెప్పొద్దంది. ప్రమాణం మీద సంతకం చేశాడు. అది అబద్ధమని తేలితే కచేరీలో ముఖం ఎట్లా చూపిస్తాడు? ఆయన సంతకమే ఆయన అన్నం.

మరి రషీదా?

అమ్మ పప్పు గిన్నె పొయ్యి మీద పెట్టింది.

3 ఫిబ్రవరి

చెయ్యి తిమ్మిరెక్కలేదు.

ఎనిమిది పేజీలు కంఠతా వచ్చినవి. కాన్వెంటులో నేర్పినట్టు, అంచు వదిలి, కింద గీత కొట్టి. ఆఖరి ప్రశ్న నోట్సులో లేదు. జనం ఎందుకు తిరగబడతారు, ఎందుకు మళ్ళీ ఇళ్ళకు వెళ్ళిపోతారు, ఏదైనా ఒక ఉదాహరణతో రాయమన్నారు. ఆ ఏడాదంతా మేడమీది కిటికీలోంచి అదే చూశాను. స్టేషను ముందు పిల్లలు రావడం, పోవడం, చెప్పులు మిగలడం. దాని గురించి నాకు ఎవరూ ఏమీ నేర్పలేదు. కుడిచేతికి చెప్పినవే తెలుసు. చాలాసేపు పెన్ను పెట్టుకుని కూర్చున్నాను. రుమాలు గట్టిగా చుట్టుకున్నాను. పెన్ను నేనే మార్చాను.

ఇది పరీక్ష అని తెలుసు. ఎవరైనా గమనిస్తారని తెలుసు. అయినా పది పేజీలు రాశాను. అంత సంతోషంగా ఎప్పుడూ లేను.

వెనక రషీదా కూర్చుని ఉందని మాత్రం తట్టలేదు.

5 ఫిబ్రవరి

అమ్మ ముందు కూర్చుని ఎడమచేత్తో నా పేరు రాయబోయాను. రాలేదు. చెయ్యి కాగితం మీద బల్లిలా అతుక్కుపోయింది. అమ్మ అటు తిరిగి కూర్చుంది. అయినా రాలేదు.

రషీదా ముందు తప్ప ఎవరి ముందూ రాయలేదు అది.

6 ఫిబ్రవరి

రాలేదు.

8 ఫిబ్రవరి

ఈ పుస్తకం తీసుకెళ్ళి చూపిస్తే? సగం పేజీలు ఎడమచేతివి. మరకలు, తేదీలు, అన్నీ ఉన్నాయి. కానీ జనవరి పదకొండు కూడా ఉంది. పదమూడూ ఉంది. ఆ పేజీలు చింపితే తక్కినవి ఎవరు నమ్ముతారు? చింపకపోతే రషీదా చదువుతుంది.

తీసుకెళ్ళను.

10 ఫిబ్రవరి, మంగళవారం

నిన్నటి సంగతి.

ప్యాసింజరు రైలు. నలుగురం ఒకే పెట్టెలో, ఎదురెదురుగా. కాజీపేటలో నబీసాబ్ నాలుగు చాయ్‌లు తెచ్చాడు. బాపు వద్దంటే ఊరుకోలేదు. బాపు చాయ్ గ్లాసులోకి చూస్తూ తాగాడు, అందులో ఏదో రాసి ఉన్నట్టు. కేసముద్రం వచ్చినప్పుడు రషీదా కిటికీలోంచి వేలితో చూపించింది. గోడౌను వెనక, ధాన్యం బండ్ల అవతల, రెండు గదుల బడి. "గదే" అంది.

హెడ్మాస్టరు గది. ఆఫీసరు సన్నటి మనిషి, అద్దాలు, ఎండకు పొట్టు లేచిన ముక్కు. పక్కన రాసుకునే గుమాస్తా. బాపు చెప్పినట్టే ఆయన మాట అటువైపుది. కచ్చ ఏమీ కనపడలేదు. దయ కూడా కనపడలేదు.

ముందు రషీదాతో రాయించాడు. పుస్తకంలోంచి పది పంక్తులు చదివాడు. ఆమె మణికట్టు వంచి గబగబా రాసేసింది. ఆయన నా తొమ్మిదో పేజీ పక్కన పెట్టి చూశాడు. "పోలిక ఉంది" అన్నాడు. గుమాస్తా రాసుకున్నాడు. తర్వాత నేను, కుడిచేత్తో. అది ఎనిమిదో పేజీకి సరిపోయింది. ఆయన బాపు ఇచ్చిన ప్రమాణం పైకి చదివాడు. పుట్టుక నుంచి. ఎరుగదు. ఎవరిదో మాకు తెలియదు.

నబీసాబ్ బాపు వైపు తిరిగాడు. కోపంగా కాదు. కొలత తప్పు వచ్చిన బట్టను చూసినట్టు.

రషీదా నా వైపు చూడలేదు. అది ఇంకా...

ఇంకేమైనా చెప్పేది ఉందా అని ఆఫీసరు అడిగాడు. బాపు చేతులు కట్టుకుని అన్నాడు, "చెప్పేదంతా రాసిచ్చినం సార్." ఆఫీసరు పెన్ను మూత తీశాడు.

"సార్, ఇంకో చెయ్యి ఉంది" అన్నాను.

నా గొంతు నాకే కొత్తగా వినపడింది. బాపు "రాజమణీ" అన్నాడు, మెల్లగా. ఆఫీసరు ఒక తెల్లకాగితం నా ముందుకు తోశాడు. చెయ్యి బల్ల మీద పెట్టాను. గాజులు బల్లకు తగిలి గల్లుమన్నాయి. గదిలో అందరూ ఆ చేతినే చూశారు. అది కదల్లేదు. ఆయన చదువుతూనే ఉన్నాడు, ఒకటి, రెండు, మూడు పంక్తులు. కాగితం మీద చుక్క లేదు. "అమ్మాయీ, టైము పోతోంది" అన్నాడు.

గాజులు తీయడం మొదలుపెట్టాను. బిగుతుగా ఉన్నాయి. ఒక్కొక్కటి తీసి ఆయన ఫైలు పక్కన పెట్టాను. ఏడోది పగిలి చర్మం గీసుకుంది. పదోదీ పగిలింది. పన్నెండో గాజు తీశాక చెయ్యి తేలికై, నాది కాదన్నట్టు కొంచెం పైకి లేచింది. పదేళ్ళ తెల్లటి గుర్తు మణికట్టు చుట్టూ.

"మళ్ళీ చదవండి సార్."

మొదటి పంక్తి వణికింది. రెండోదీ వణికింది. మూడో పంక్తి నుంచి అందరినీ మర్చిపోయాను. ఆయన ఆపిన తర్వాత కూడా ఒక వాక్యం రాశాను, నాదే. ఏం రాశానో గుర్తులేదు.

ఆయన కాగితం తీసుకున్నాడు. పంక్తుల మీద పొడుగునా సిరా పూసుకుని ఉంది. తొమ్మిదో పేజీ తీశాడు. అక్కడా అదే పూత. పదో పేజీ, పదకొండు. రషీదా కాగితం తీశాడు. అది కడిగినట్టు ఉంది.

"చెయ్యి తిప్పమ్మా" అన్నాడు. తిప్పాను. చిటికెన వేలి కింద నుంచి మణికట్టు దాకా నీలం.

గుమాస్తాతో ఏదో రాయించాడు. తర్వాత స్టాంపు కాగితం ఎత్తి బాపును అడిగాడు, ఈ ప్రమాణం మీదేనా అని. బాపు లేచి నిలబడ్డాడు. "నాదే సార్." ఈ రాత? నేను నాది అన్నాను. కుడిచేత్తో? అవును సార్. తెలిసే రాశావా?

బాపు ఏదో అనబోయాడు. కాదనడానికే అనుకుంటాను. ఆయనకు వేరే మాట రాదు.

"తెలిసే రాసిన సార్" అన్నాను.

తిరుగు రైలు. వరంగల్ దాటాక రషీదా తన రుమాలు నా ఒళ్ళో పెట్టింది. పది గాజులు. ఆఫీసరు బల్ల మీంచి ఏరుకొచ్చింది.

"తెలువదు అన్నవు" అంది. అంతే అంది. జనగామ దాకా కిటికీవైపే కూర్చుంది.

ఇంటి గుమ్మం ముందు బాపు ఆగాడు. "ముందుగాల్నే నాకు చెప్తే ఇంకో తీరుగ రాస్తుంటి గద, బిడ్డా."

చెప్పిన బాపూ అన్నాను.

"ఎప్పుడు?"

రెండు మాటలు చెప్పాను, జనవరి ఎనిమిదిన. ఈ పుస్తకం వెనక్కి తిప్పి చూసుకున్నాను. రెండే.

14 ఫిబ్రవరి

బాపు తనే వకీలు దగ్గరికి వెళ్ళి చెప్పాడట. అమ్మ చెప్పింది. ఇకనుంచి ప్రమాణాలు వేరే గుమాస్తా రాస్తాడు. బాపు ఫైళ్ళు కట్టాలి.

భూపాలపల్లి నుంచి మా పెద్దమ్మ కూతురు సునందక్క ఉత్తరం. అక్కడికి వచ్చి నాలుగు రోజులు ఉండమంది, జనం మాటలు చల్లారేదాకా. పోను.

26 ఫిబ్రవరి, గురువారం

ఆర్డరు వచ్చింది.

రషీదాకు సెకండు క్లాసు. ఆరోపణ కొట్టేశారు.

నా పేపరులో కాపీ లేదట. రెండు రాతలూ అభ్యర్థినివేనని రుజువైందట. అయితే విచారణలో తెలిసి తెలిసి అబద్ధపు ప్రమాణం స్వహస్తంతో రాసినందుకు ఈ ఏడాది పరీక్ష రద్దు. వచ్చే ఏడు మళ్ళీ రాసుకోవచ్చు.

పది పేజీల ఎడమచేతి రాతకు ఏమీ కాలేదు. శిక్ష కుడిచేతి రాతకు పడింది, కొట్టివేత లేని ఆ ఒక్క పేజీకి.

బాపు రెండుసార్లు చదివాడు. అప్పీలు గడువు ముప్పై రోజులని అలవాటుగా అన్నాడు. కాగితం మడిచాడు, విప్పాడు, మళ్ళీ మడిచాడు.

"అప్పీలు వద్దు. అండ్ల రాసింది నిజమే" అన్నాడు. ఆయన నోట ఒప్పుకోలు వినడం ఇదే మొదటిసారి. ఎలా అనాలో తెలియక కొంచెం గట్టిగా అన్నాడు.

28 ఫిబ్రవరి

రషీదా కేసముద్రం బండి ఎక్కింది. స్టేషనుకు వెళ్ళాను, పిలవకపోయినా. నబీసాబ్ ట్రంకు ఎక్కిస్తున్నాడు. నన్ను చూసి జరిగి చోటిచ్చాడు. బేటీ అనలేదు. రషీదా కిటికీలోంచి చాలాసేపు నా చేతులు చూసింది. రెండూ బోసిగా ఉన్నాయి. కుడిచేతివి కూడా తీసేశాను.

"మణికట్టు వంచి రాయి. మరక పడది" అంది.

వంగదు అన్నాను.

"అయితె పెన్సిల్‌తోని రాయి." బండి కదిలింది. ఉత్తరం రాయమందో, పరీక్ష రాయమందో అడగలేదు.

2 మార్చి, సోమవారం

అమ్మ పొద్దున నన్ను కూర్చోబెట్టింది. బోసి చేతులు చూడలేనంది. రుమాలులోని పది గాజులు, కుడిచేతివి రెండు, అన్నీ ముందు పెట్టుకుంది. సబ్బునీళ్ళు తెచ్చింది. ఎడమచెయ్యి పట్టుకుంది. ఎప్పటిలా ముందు దానికే వేసింది. ఆరు వేసి ఆపింది. కుడిచెయ్యి అందుకుంది. దానికీ ఆరు.

సబ్బునీళ్ళు తులసికోట పక్కన పారబోసి వంటింట్లోకి పోయింది.

ఇది పెన్సిలుతో రాస్తున్నాను. మరక పడుతూనే ఉంది, సిరా కన్నా తక్కువ. గాజులు మోగుతున్నాయి. అమ్మ పొయ్యి దగ్గర నుంచి ఏం చేస్తున్నవే అని అడిగింది. రాస్తున్నా అన్నాను. కాసేపు చప్పుడు విన్నట్టుంది. రెండు చేతులదీ ఇప్పుడు ఒకటే చప్పుడు.

సరే, అన్నం చల్లారుతుంది, అంది.